దివ్వెపిల్లి ఎప్పుడు వెలుగుతుంది

నవంబరు 2, బాపట్ల

ఈ డైరీ నాతో ఈ గదిలో ఉన్న తేజస్వి కొనుక్కున్నది. గది ఖాళీ చేస్తూ కిటికీలో వదిలేసి వెళ్ళింది. ఒక్క పేజీ కూడా రాయలేదు. పారేయడం ఎందుకని తీశాను.

థీసిస్ ఇంగ్లీషులో రాయాలి. ముందు తెలుగులో అనుకుంటే గాని నాకు వాక్యం కుదరదు. అందుకని ఇందులో దివ్వెపిల్లి గురించి మాత్రమే రాసుకుంటాను. వేరే సంగతులు రాయను.

దివ్వెపిల్లి పిల్లి కాదు. ముంగిస అంత ఉంటుంది, ముంగిసలాగే నేలకి ఆని నడుస్తుంది. బూడిద రంగు బొచ్చు. నీళ్ళలో మునిగి లేచినా తడవదు. గొంతు కింద, రెండు డొక్కల వెంట చర్మం పలచగా ఉంటుంది. వెలుగు అక్కణ్ణించి వస్తుంది. గ్యాసు పొయ్యి తగ్గించి పెడితే కనపడే నీలం, అందులో కాస్త ఆకుపచ్చ. రేపల్లె దిగువన, కాలవలు సముద్రంలో కలిసేచోట, మడ చెట్ల వేళ్ళ కింద బొరియల్లో ఉంటుంది. పీతలు, బురదచేపలు తింటుంది.

అదే మడల్లో మడపిల్లి అని ఇంకో జంతువు ఉంది. అదీ ఇంతే ఉంటుంది గాని కాస్త నలుపు, లావు తోక. వెలగదు. గుంపులుగా తిరుగుతుంది. దాన్ని ఎవరూ పట్టించుకోరు. పుస్తకాల్లో రెండూ పక్కపక్క పేజీల్లో ఉంటాయి. దివ్వెపిల్లి గుర్తులు మూడు: సన్న తోక, వెలుగు, ఒంటరిగా తిరగడం.

అది ఎందుకు వెలుగుతుందో ఎవరూ రాయలేదు. నేను రాయాలి.

కాలేజీలో ఉద్యోగం వచ్చి తేజస్వి తెనాలి వెళ్ళి వారమైంది. స్టేషనుకి వెళ్ళలేకపోయాను. ల్యాబులో పని ఉంది.

నవంబరు 4

మా ల్యాబులో ఉన్నదాని పేరు బల్బు. డిగ్రీ పిల్లలు పెట్టారు. నేను రికార్డులో నంబరే రాస్తున్నాను గాని నోటికి బల్బు అనే వస్తోంది.

ఇది మడల నుంచి నేరుగా రాలేదు. ఈ వైపు గృహప్రవేశానికి ముందు ఆవు, ఆవు వెనక అద్దాల పెట్టెలో దివ్వెపిల్లి గడప దాటాలి. అది ఎంత వెలిగితే ఆ ఇంట్లోవాళ్ళు అంత సంతోషంగా ఉంటారని. పెట్టెలో ఒకటే ఉండాలి. రెండు పెడితే ఆ ఇంట్లో తోడికోడళ్ళు ఒకళ్ళనొకళ్ళు పొడుచుకుంటారని పెద్దవాళ్ళు పెట్టనివ్వరు. తెనాలిలో షామియానాలు, వంటపాత్రలతో పాటు దీన్ని కూడా అద్దెకిస్తున్న ఒక షాపు మీద ఫారెస్టువాళ్ళు కేసు పెట్టి, జంతువుని మా కాలేజీకి అప్పగించారు. వినోద్ కుమార్ సార్ ఎగిరి గంతేశారు. సార్ నా గైడు. పదేళ్ళుగా దివ్వెపిల్లి మీద పని చెయ్యాలని ఆయన కోరిక.

చిన్నప్పుడు చీరాలలో మా వీధి షావుకారు ఇంటి గృహప్రవేశంలో నేనొక దివ్వెపిల్లిని చూశాను. వెనకున్న మాకు కనపడక అమ్మ నన్ను భుజాన ఎత్తుకుంది. మనందర్నీ చూసి ఎంత సంతోషపడుతోందో చూడవే అంది. నేను జువాలజీ చదవడం ఆ భుజం మీదే మొదలైందని ఇంటర్వ్యూలో చెబితే అందరూ నవ్వారు. సీటు ఇచ్చారు.

నవంబరు 5

లైటు వేసుకునే పడుకున్నా. చదువుకోవడానికి.

నవంబరు 9

నేను ల్యాబు తలుపు తీయగానే బల్బు వెలుగు పెరుగుతోంది. మొదట నా భ్రమ అనుకున్నాను. ఇవాళ మీటరు పెట్టి చూశాను, నిజంగానే పెరుగుతోంది. పెట్టె ముందుకొచ్చి, అద్దానికి గొంతు ఆనించి నిలబడుతుంది. నేను బయటికి వెళ్ళి మళ్ళీ వస్తే మళ్ళీ అంతే. సార్‌కి చూపించాను. "నిన్ను గుర్తుపట్టిందమ్మా సునీలా, నీకు వేరే స్నేహితులెందుకింక" అన్నారు.

డిసెంబరులో కాలేజీకి గ్రేడు ఇచ్చే కమిటీ వస్తుంది. మిగతా కాలేజీల్లో అందరూ చచ్చినవాటిని సీసాల్లో పెట్టి చూపిస్తారు, మనం బతికున్న దీపాన్ని చూపిద్దాం అని సార్ అందరికీ చెబుతున్నారు. నా ఫెలోషిప్పు ఇంకో ఏడాది పొడిగిస్తారా లేదా అన్నది కూడా ఆ రోజు మీదే ఉంది.

రికార్డులో: ఆరోగ్యం బాగుంది. వెలుగు చాలా బాగుంది.

అమ్మ ఫోను చేసింది. మా అమ్మాయి పిల్లుల డాక్టరు చదువుతోందని వీధిలో చెప్పుకుంటోందట. పిల్లి కాదమ్మా అంటే, ఏదోకటిలే, డాక్టరే కదా అంది. ఇంకా ఎన్నాళ్ళే ఆ చదువు, అయిపోలేదా అని వెనక నుంచి నాన్న. మగ్గం చప్పుడు ఆపకుండానే అడిగాడు. బాగున్నానని చెప్పాను. బాగానే ఉన్నాను.

నవంబరు 12

తేజస్వి మెసేజి: తిన్నావా?

తిన్నా, బాగున్నా అని పెట్టాను. అప్పటికింకా తినలేదు. తర్వాత తిన్నాను, కాబట్టి అబద్ధం కాదు.

నవంబరు 16, రేపల్లె

అడవిలో దివ్వెపిల్లి ఎలా ఉంటుందో చూడకుండా థీసిస్ కుదరదు కదా. నిన్న మధ్యాహ్నం బాపట్లలో ఎక్కి, తెనాలిలో బండి మారి, రేపల్లెలో దిగాను. తెనాలిలో రెండో బండికి చాలాసేపు ఆగాలి. తేజస్వి పాఠాలు చెప్పే కాలేజీ స్టేషనుకి దగ్గరేనట. ప్లాటుఫారం మీదే కూర్చున్నాను. ఎండగా ఉంది.

లాజరు బాబాయ్, అన్నమ్మ పిన్ని మడ కాలవల్లో వలలేస్తారు. సార్‌కి తెలిసినవాళ్ళు. చీకటి పడుతుండగా పడవలో తీసుకెళ్ళారు. పడవ నడుపుతున్నంతసేపూ ఇద్దరూ ఒకళ్ళనొకళ్ళు దెప్పుకుంటూనే ఉన్నారు. ఈయన చూసే దిక్కున చేప ఉండదు, చేప ఉన్న దిక్కున ఈయన చూడడు అని పిన్ని. ఈమె నోరు మూస్తే చేపలు ఏమైందోనని వచ్చేస్తాయమ్మా అని బాబాయ్. నేను నవ్వితే ఇద్దరూ ఇంకా రెచ్చిపోయారు.

చీకట్లో అవతలి గట్టున ఒక్కటంటే ఒక్క వెలుగు కనిపించింది. గట్టు వెంట అటు వెళ్ళింది, ఇటు వచ్చింది, మళ్ళీ అటు వెళ్ళింది. ఇదివరకు ఇంకాసిని కనపడేవని, దివ్వెపిల్లి తగ్గిపోతోందని ఇద్దరూ ఒప్పుకున్నారు. ఆ ఒక్క విషయంలోనే ఒప్పుకున్నారు.

తెల్లవారుతుండగా నీళ్ళు వెనక్కి తీశాక బురద మీద చూశాను. అవతలి గట్టంతా అడుగులే. ఒక్క వెలుగుకి ఇన్ని అడుగులు ఎలా అని అడిగితే, అవి మడపిల్లులవి, వాటికేం కొదవ అన్నాడు బాబాయ్. వేళ్ళ సందుల్లో గుంపుగా పడుకుని ఉన్నాయి. ఒకదాని తోక మీద ఇంకోదాని తల. ఏది ఎక్కడ ముగిసి ఏది ఎక్కడ మొదలవుతుందో తెలియడం లేదు.

వాటిని ఫొటో తియ్యలేదు. నా విషయం అది కాదు.

నవంబరు 18, బాపట్ల

ఇల్లుగలావిడ మాణిక్యమ్మగారు ఇవాళ మెట్ల మీద ఆపి, రాత్రంతా లైటు వెలుగుతోందేంటమ్మాయ్ అని అడిగారు. చదువుకుంటున్నానండి పిన్నిగారూ అన్నాను. పక్కింటావిడతో అప్పటికప్పుడే, చూశావా మా పైన అమ్మాయి ఎంత పట్టుదల మనిషో, కిటికీ చూస్తేనే ముచ్చటేస్తుంది అన్నారు.

నవంబరు 21

ఫారెస్టువాళ్ళు ఇంకోదాన్ని తెచ్చారు. రేపల్లె దగ్గర ఒకరి ఇంట్లో దొరికిందట. బల్బు కంటే చిన్నది. తెచ్చిన గంట దాకా వెలగలేదు, తర్వాత మెల్లగా వెలిగింది. పిల్లలు ట్యూబులైటు అని పేరు పెట్టారు. వాళ్ళ క్లాసులో ఆ పేరుతో పిలవబడే అబ్బాయి మాత్రం నవ్వలేదు.

పెద్ద పెట్టె ఒక్కటే ఉంది. వేరేది వచ్చేదాకా రెంటినీ అందులోనే ఉంచాం. కొట్టుకుంటాయేమోనని సాయంత్రం దాకా కాపలా కూర్చున్నాను. కొట్టుకోలేదు.

నవంబరు 22

పొద్దున్న వెళ్ళేసరికి రెండూ ఆరిపోయి ఉన్నాయి. పెట్టె నల్లగా ఉంది. టార్చి వేసి చూస్తే బతికే ఉన్నాయి. బల్బు తోక మీద ట్యూబులైటు తల పెట్టుకుని పడుకుంది. నేను తలుపు తీసినా బల్బు లేవలేదు, నా వైపు చూడలేదు. ఇన్నాళ్ళలో ఇది మొదటిసారి.

నాకు చిన్నతనంగా అనిపించింది. జంతువు మీద ఇలా అనిపించడం తప్పని తెలుసు.

సార్ హడలిపోయారు. కొత్తది జబ్బు తెచ్చి దీనికి అంటించిందన్నారు. పశువుల డాక్టరు వచ్చి చూసి, జ్వరం లేదు, బాగా తింటున్నాయి, తోక మొదట్లో కాస్త వాపులా ఉంది, గమనించండి అన్నాడు.

నవంబరు 24

రెండు రోజులు అలాగే. వెలుగు సున్నా. కమిటీ వచ్చేసరికి ఇలాగే ఉంటే నేనేం చూపించాలమ్మా అన్నారు సార్, నా మొహం చూడకుండా.

విడదీద్దామని నేనే అన్నాను. జబ్బయితే అంటకుండా ఉంటుందని. ట్యూబులైటుని చేతుల్లో పట్టుకుని పై అంతస్తులో స్టోరు గదిలోకి తీసుకెళ్ళింది కూడా నేనే. మెట్లెక్కుతుంటే మూడో మెట్టు మీదే నా చేతుల్లో వెలిగింది. ఎంత వెలుగంటే నా వేళ్ళ ఎముకలు కనిపించాయి. కింద బల్బు కూడా వెలిగిందని పిల్లలు అరిచారు.

హమ్మయ్య. సార్ అందరికీ టీ తెప్పించారు.

నవంబరు 25

రెండూ ఇదివరకెన్నడూ లేనంతగా వెలుగుతున్నాయి.

నవంబరు 27

రెండూ బాగున్నాయి. నేనూ బాగున్నాను. గదిలో కొత్త బల్బు వేయించాను, పాతది చాలడం లేదు చదవడానికి.

నవంబరు 30

ట్యూబులైటు చచ్చిపోయింది.

నిన్న సాయంత్రం స్టోరు గది కిటికీలోంచి వెలుగు గ్రౌండు దాకా పడిందట. వాలీబాలు ఆడేవాళ్ళు ఆట ఆపి చూశారట. పొద్దున్న తలుపు దగ్గర పడుంది. తలుపు కింద సందులో ముక్కు పెట్టి ఉంది.

డిసెంబరు 1

రాయడానికి ఏం లేదు.

డిసెంబరు 2

కోసి చూశాం. జబ్బు లేదు. తోకలో కొవ్వు ఒక్క చుక్క లేదు, చర్మమూ ఎముకా. గిన్నెలో పెట్టిన పీతల్ని తింటూనే ఉంది. తిన్నది చాలలేదు. వెలుగు కొవ్వుని తినేసింది.

సన్న తోక జాతి లక్షణం కదమ్మా అన్నారు సార్. పుస్తకంలో అలాగే ఉంది. నేనూ అలాగే రాశాను.

గదికి వచ్చి పడుకున్నాను. ఇంకా పొద్దుండగానే అమ్మ ఫోను చేసింది. నాన్న చీరలు పట్టుకుని ఒంగోలు వెళ్ళాడట, రేపటికి గాని రాడట. మాట్లాడుతుంటే వెనక స్విచ్చి చప్పుడైంది. అప్పుడే లైటెందుకమ్మా, ఎండ ఉందిగా అన్నాను.

"ఊరికేనే. మీ నాన్న ఉంటే నేనెప్పుడు వేశాను? ఇద్దరం ఉంటే లైటెందుకు."

ఆ మాటని అమ్మ మామూలుగా అంది. తర్వాత పక్కింటివాళ్ళ కుక్క గురించి చెప్పింది. నేను వినలేదు.

నిజమే. మా ఇంట్లో చీకటి పడితే నాన్న నేత ఆపి, నాడె పక్కన పెట్టి మగ్గం గుంటలో కాళ్ళు అలాగే ఉంచుకుని కూర్చునేవాడు. అమ్మ నూలు కండెలు చుట్టడం ఆపి గుంట గట్టు మీద కూర్చునేది. నేనూ మధ్యలో దూరేదాన్ని. ఒకళ్ళ మొహం ఒకళ్ళకి కనపడేది కాదు. ఎవరూ లేచి లైటు వేసేవాళ్ళు కాదు. నేను కరెంటు బిల్లు కోసం అనుకునేదాన్ని. నాన్న ఊరెళ్ళిన రోజున మాత్రం దీపాల వేళకి ముందే మా ఇంట్లో లైటు. మీ ఇల్లు భలే కళగా ఉందే అని అందరూ అనేవాళ్ళు.

ఎన్ని అడుగులు ఆ గట్టు మీద. ఒక్క వెలుగు.

మడపిల్లి అనే జంతువు లేదు. దివ్వెపిల్లి అనే జంతువూ లేదు. ఉన్నది ఒకటే. డాక్టరు వాపన్నది తోకకి పడుతున్న కొవ్వే, చిక్కితే బొచ్చు నలుపూ వెలిసిపోతుందేమో. తనవాళ్ళతో ఉన్నప్పుడు దానికి ఒక పేరు, తప్పిపోయినప్పుడు ఒక పేరు పెట్టుకున్నాం. తప్పిపోయినదాన్ని పెట్టెలో పెట్టి, అది పిలుస్తుంటే, సంతోషిస్తోంది అన్నాం. ఇంకోటి తోడొస్తే వెలుగు పోతుందని తెలిసిన ముసలమ్మలెవరో, అది కలిసిరాదని చెప్పి తోడికోడళ్ళ కథ కట్టి ఉంటారు. వాళ్ళకీ ఎందుకో తెలియదు.

నన్ను చూసి వెలగలేదు బల్బు. తలుపు తెరుచుకున్నప్పుడల్లా ఎవరొచ్చారోనని వెలిగింది.

మెట్ల మీద నా చేతుల్లో వెలిగినప్పుడు నేను హమ్మయ్య అనుకున్నాను.

డిసెంబరు 3

సార్‌తో చెప్పాను. రెండు గంటలు కూర్చోబెట్టి ప్రశ్నలు అడిగారు. నాతో గొడవపడలేదు. చివరికి, ఇది నిజమైతే పెద్ద విషయం సునీలా, నీ పేరు నిలబడుతుంది, కమిటీ వెళ్ళాక బల్బుని నువ్వే తీసుకెళ్ళి వదిలి, అక్కడ గుంపులో కలిశాక వెలుగు ఆరుతుందో లేదో చూసి పేపరు రాయి అన్నారు. కమిటీ సోమవారం వస్తుంది.

సోమవారం దాకా అది ఉండదు సార్ అన్నాను.

"బంగారంలా వెలుగుతుంటే ఉండదంటావేంటమ్మా."

మొన్న చచ్చిపోయినదీ బంగారంలాగే వెలిగింది సార్ అనాలనుకున్నాను. అనలేదు. నాకు ఫెలోషిప్పు కావాలి. నాన్న ఒక్కసారీ డబ్బు గురించి అడగలేదు, అడగకపోవడమే అడగడం. నేను తల ఊపి వచ్చేశాను.

డిసెంబరు 4

బల్బు తోక నా చిటికెన వేలంత ఉంది. అద్దానికి గొంతు ఆనించి నిలబడటానికి ఓపిక లేక ఆనుకుని కూర్చుంటోంది. వెలుగు మాత్రం ఇంకా పెరిగింది. సార్ వచ్చి, దాని తోక కేసి చూసి వెళ్ళిపోయారు. ఆయనకీ తెలిసిందనుకుంటాను. తెలిసినా సోమవారం సోమవారమే.

సాయంత్రం తేజస్వి మెసేజి: తిన్నావా?

చాలాసేపు చూశాను. వెళ్ళేముందు అది, తమ కాలేజీలో ఇంకో ఖాళీ ఉందని, ఇద్దరం ఒకే గదిలో ఉందామని అడిగింది. నాకేం, హాయిగా ఒక్కదాన్నే చదువుకుంటా, నీ గోల తప్పుతుంది అన్నాను. నవ్వుతూ అన్నాను. అది నవ్వలేదు. స్టేషనుకి రమ్మంది. ల్యాబులో పని ఉందన్నాను. ఆ రోజు ల్యాబుకి సెలవు.

తినలేదు అని పెట్టాను. బాగాలేను అని కూడా పెట్టాను.

వెంటనే ఫోను మోగింది. ఏంటే అంది. ఏడుపొచ్చి చెప్పలేకపోయాను. అది ఊరుకోబెట్టలేదు, ఫోను పెట్టేయనూ లేదు. అవతల కుక్కరు కూతలు వినపడుతున్నాయి. తర్వాత అంతా చెప్పాను. రేపు ఏ బండికి వస్తున్నావని మాత్రం అడిగింది.

డిసెంబరు 6, తెనాలి, తేజస్వి గది

నిన్నటిది వివరంగా రాసుకోవాలి.

ల్యాబు తాళం నా దగ్గరే ఉంటుంది. బల్బుని మూతున్న వెదురుబుట్టలో పెట్టి, పైన నాన్న నేసిన తువ్వాలు కప్పి మధ్యాహ్నం బండి ఎక్కాను. ఎవరూ ఆపలేదు. అప్పికట్ల స్టేషను దాటేదాకా బుట్టని ఒళ్ళోంచి దించలేదు. పగలు కాబట్టి తువ్వాలులోంచి వెలుగు తెలియలేదు.

తెనాలిలో తేజస్వి ప్లాటుఫారం మీద ఉంది. సెలవు పెట్టి వచ్చింది. నా మొహం చూసి, బుట్ట చూసి, ఇద్దరిలో ఎవరు ఎక్కువ చిక్కారో తెలియట్లేదే అంది. అరటిపళ్ళు చేతిలో పెట్టి, నేను తినేదాకా మాట్లాడలేదు.

రేపల్లె బండిలో కూర్చునేసరికి పొద్దు వాలింది. బోగీలో లైట్లు వెయ్యలేదు. తువ్వాలు గళ్ళలోంచి నీలం వెలుగు బయటికొచ్చి ఎదురుగా కూర్చున్నావిడ చీర మీద పడింది. ఆవిడ వంగి చూసి దణ్ణం పెట్టుకుంది. ఎవరింట్లోనమ్మా గృహప్రవేశం అని అడిగింది.

"దీనిదేనండి" అంది తేజస్వి.

ఆవిడకి అర్థం కాలేదు గాని, శుభం అంది. నెల రోజుల తర్వాత నేను గట్టిగా నవ్వాను.

వేమూరు దాటాక సార్‌కి నేనే ఫోను చేశాను. ఆయన తెలుసుకునేలోపు నా నోటితో చెప్పాలనిపించింది. అంతా విని ఆయన అడిగారు.

"దానికి టికెట్టు తీశావా?"

"లేదండి."

"సోమవారం కమిటీకి ఖాళీ పెట్టె చూపించాలి నేను. ఎందుకు ఖాళీయో నువ్వే నిలబడి చెప్పాలి. చెప్పగలవా?"

చెప్తానండి అన్నాను. పెట్టేశారు. ఫెలోషిప్పు గురించి ఆయన అనలేదు, నేను అడగలేదు. అది పోవచ్చు.

ముందే ఫోను చేసి చెప్పాను కాబట్టి లాజరు బాబాయ్ కరకట్ట దగ్గర పడవతో ఉన్నాడు. అన్నమ్మ పిన్ని బుట్టలోకి చూసి, పట్టుకుపోయేవాళ్ళనే చూశాంగాని తిరిగి తెచ్చేవాళ్ళని ఇప్పుడే చూడ్డం అంది. నేను అనుకున్నది ఇద్దరికీ చెప్పాను. బాబాయ్ నమ్మలేదు. మడపిల్లులు దీన్ని చీరేస్తాయి, వేరే జాతమ్మా అది, అంత వెలుగున్నదాన్ని తీసుకెళ్ళి ఆ నల్లవాటిలో వదులుతావా అన్నాడు. నాకూ లోపల భయమే. తప్పయితే, చేతులారా చంపినవి రెండు అవుతాయి.

నీళ్ళు వెనక్కి తీస్తున్నాయి. అవతలి గట్టు పక్కన పడవ ఆపి, మోకాలి లోతు బురదలో దిగి బుట్ట మూత తీశాను. బల్బు వెంటనే బయటికి రాలేదు. ముక్కు పైకెత్తి వాసన చూసింది. తర్వాత దిగి, రెండడుగులు వేసి కూలబడింది. మళ్ళీ లేచింది. దాని వెలుగులో బురద, మడ వేళ్ళు, పీతల కన్నాలు అన్నీ నీలంగా కనిపించాయి. వేళ్ళ దగ్గరికి వెళ్ళి ఆగింది. ఆగి, ఎంత వెలగగలదో అంతా వెలిగింది. స్టోరు గది కిటికీ గుర్తొచ్చి నేను కళ్ళు మూసుకున్నాను.

కళ్ళు తెరిచేసరికి వేళ్ళ సందుల్లోంచి ఒక నల్లటి తల బయటికొచ్చి ఉంది. దాని వెనక ఇంకోటి. మొదటిది బల్బు గొంతు దగ్గర వాసన చూసింది. తర్వాత అది పక్కకి జరిగింది. జరిగి, కాస్త చోటు ఇచ్చింది.

బల్బు లోపలికి వెళ్ళింది. వేళ్ళ మధ్యన కాసేపు నీలం కదిలింది. తర్వాత ఆరిపోయింది.

గట్టంతా చీకటి. మేం ఒకళ్ళకొకళ్ళం కూడా కనపడటం లేదు. తేజస్వి నా చెయ్యి పట్టుకుంది.

"చచ్చిపోయిందా?"

"లేదే. తనవాళ్ళు దొరికారు."

పడవ ఎక్కి వెనక్కి తిరిగాం. బాబాయ్, పిన్ని ఈసారి దెప్పుకోలేదు. ఆ గట్టు మీద ఏమీ కనపడలేదు. ఏమీ కనపడకపోవడాన్ని నేను ఇంతసేపు ఎప్పుడూ చూస్తూ కూర్చోలేదు.

ఆఖరి బండికి తెనాలి వచ్చాం. తేజస్వి గది మాణిక్యమ్మగారి గది కంటే చిన్నది, మంచం ఒకటే. బురద కడుక్కుని పప్పన్నం తిన్నాం. సోమవారం కమిటీకి ఏం చెప్పాలో కాసేపు అనుకున్నాం. పడుకున్నాక అది స్విచ్చి మీద చెయ్యి పెట్టి అడిగింది, లైటు ఉంచనా, చదువుకుంటావా అని.

ఆపెయ్యి అన్నాను.